కత్తెర పట్టిన చేతికి సంకెళ్లు!

సినిమా మొదలై తెర మీద పేర్లు పడుతున్నప్పుడు మీరేం చేస్తుంటారు? నిజం చెప్పండి! హీరో పేరు పడగానే ఈల, హీరోయిన్ పేరుకి కేక, సంగీత దర్శకుడి పేరుకి ఓ మోస్తరు చప్పట్లు... ఆ తరవాత 'కూర్పు' అనే కార్డు పడేసరికి మీరు పక్కవాడి చేతిలోని వేరుశనక్కాయల పొట్లం వైపు చూస్తుంటారు. ఆ కార్డు మీద వున్న పేరు ఏమిటో బయటికొచ్చాక చెప్పమంటే నూటికి తొంభై మంది తెల్లమొహం వేస్తారు. ఇందులో మీ తప్పేం లేదు. ఎడిటర్ పని అలాంటిది. బాగా చేస్తే కనిపించదు, బాగా లేకపోతే మాత్రం 'సినిమా సాగదీశాడ్రా' అని డైరెక్టర్ని తిడతాం.

ఈ వారం మన కథానాయిక కూడా అలాంటి మనిషే. పేరు సెసిల్ దెక్యుజిస్. ఫ్రెంచి వనిత. ఆమె కూర్చిన ఒక సినిమాని ప్రపంచమంతా ముఖ్యంగా ఎడిటింగ్ కోసమే చెప్పుకుంటుంది. విచిత్రం ఏమిటంటే ఆ సినిమాలో 'కూర్పు' అనే కార్డే లేదు. ఆ మాటకొస్తే ఏ కార్డూ లేదు. దర్శకుడి పేరు లేదు, హీరో పేరు లేదు! మోనోగ్రామ్ పిక్చర్స్ అనే అమెరికన్ చిన్న చిత్రాల కంపెనీకి అంకితం అంటూ ఒక ముక్క, ఆ తరవాత సినిమా పేరు... అంతే, కథ మొదలు. ఆ సినిమాయే 'బ్రెత్‌లెస్' (1960). దర్శకుడు జాన్ లూక్ గొదార్. పెదవి మీద బొటన వేలు రుద్దుకుంటూ, సిగరెట్టు మీద సిగరెట్టు కాలుస్తూ తిరిగే ఆ చిల్లర దొంగ పాత్రలో జాన్ పాల్ బెల్మాండో. పొట్టి క్రాపుతో, వీధిలో పేపర్లు అమ్ముకునే అమెరికన్ పిల్లగా జీన్ సీబెర్గ్.

ఈ సినిమా గురించి మీరు ఎక్కడ చదివినా 'జంప్ కట్' అనే మాట తప్పకుండా వస్తుంది. అదేమిటో ముందు చెప్పుకుందాం. మన టూరింగ్ టాకీసుల్లో రీలు తెగిపోవడం మీ నాన్నగారో బాబాయిగారో చెప్పే వుంటారు. ఆపరేటరు తిట్టుకుంటూ ఆ తెగిన చోట కాస్త కత్తిరించి అతికించేవాడు. మళ్లీ వేస్తే ఏమయ్యేది? గుమ్మంలో వున్న నాగేశ్వరరావు కన్ను మూసి తెరిచేలోగా గది మధ్యలో వుండేవాడు! జనం గోలగోల చేసేవాళ్లు. జంప్ కట్ అంటే అచ్చం అదే. ఒకే మనిషిని ఒకే వైపు నుంచి తీసిన షాట్‌లో మధ్య ముక్క తీసేసి, రెండు కొసలూ అతికిస్తే తెర మీద మనిషి ఉలిక్కిపడ్డట్టు ఎగురుతాడు. మామూలు ఎడిటర్ ఇలాంటిది జరగనివ్వడు. మధ్యలో గోడ గడియారాన్నో, వింటున్న వాడి మొహాన్నో ఒక క్షణం చూపించి ఆ అతుకుని కప్పేస్తాడు. బడిలో పిల్లలకి గుణింతాలెలాగో ఎడిటింగ్ నేర్చుకునే వాళ్లకి ఇది అలాగ. ఆ గుణింతాన్నే తలకిందులు చేసిన సినిమా 'బ్రెత్‌లెస్'.

మరి ఎందుకలా చేశారు? ఇక్కడే కథలు మొదలవుతాయి.

గొదార్ తరవాత రోజుల్లో చెప్పుకున్న కథ ఇదీ: మొదట కూర్చి చూస్తే సినిమా రెండున్నర గంటలు వచ్చింది. నిర్మాత జార్జ్ ద బోరెగార్‌తో ఒప్పందం ప్రకారం గంటన్నరే వుండాలి. అంటే 35 ఎం.ఎం. ఫిల్ములో నిమిషానికి 90 అడుగుల లెక్కన 13,500 అడుగుల సినిమా 8,100 అడుగులు కావాలి. అయిదు వేల నాలుగు వందల అడుగులు చెత్తబుట్ట పాలు! ఇంకొకరైతే రెండు పాటలు, ఒక ఫైటు పీకేసి ఊపిరి పీల్చుకునే వాళ్లు (ఇందులో అవేం లేవనుకోండి). గొదార్ సీన్లకి సీన్లే ఎత్తెయ్యడానికి ఇష్టపడక, వున్న ప్రతి షాట్ లోపలికీ కత్తెర పెట్టించాడు. కారులో బెల్మాండో, సీబెర్గ్ మాట్లాడుకునే సీను వుంది చూడండి, అది కూడా కుదించాలి. ఇద్దరివీ కొంచెం కొంచెం తీసే బదులు ఎవరో ఒకరివే మొత్తం తీసేద్దాం అనుకుని బొమ్మా బొరుసూ వేశారట! బెల్మాండో ఓడిపోయాడు. అందుకే ఆ సీనులో అతని గొంతు మాత్రమే వినిపిస్తుంది. తెర మీద సీబెర్గ్ మెడ, జుట్టు, వెనక పరుగెత్తే పారిస్ వీధులు. వీధి ఒక్కసారిగా మారిపోతుంది, నీడ మారిపోతుంది, ఆ పిల్ల మాత్రం అక్కడే కూచుని వుంటుంది. అతను ఆమె అందాన్ని ఒక్కొక్కటిగా పొగుడుతుంటే ప్రతి పొగడ్తకీ తెర ఒక గెంతు గెంతుతుంది. సీన్ని కుదించడానికి చేసిన పని కాస్తా ప్రేమలో పడ్డ కుర్రాడి గుండె దడలాగా తయారైంది.

దీనికి పోటీగా ఇంకో కథ వుంది. అందులోనే రచయిత వేషం వేసిన దర్శకుడు జాన్ పియేర్ మెల్విల్, అనవసరమైన సీన్లు తియ్యమని సలహా ఇచ్చింది నేనేనన్నాడు. నేను సీన్లు తియ్యమంటే అతను సీన్ల లోపల కోసుకొచ్చాడన్నాడు. మరి కొందరు, ఇదంతా గొదార్ తన వ్యతిరేకుల మీద విసిరిన విసురు అన్నారు. ఎవరి వాదం వాళ్లది. నాకు నవ్వొచ్చేది ఎక్కడంటే, ఈ కథలన్నిట్లోనూ దర్శకులున్నారు, నిర్మాత వున్నాడు, ఎగరేసిన బిళ్ల కూడా వుంది. కానీ పన్నెండు పదమూడు వేల అడుగుల ఫిల్ముని చేతుల్లోంచి జార్చుకుంటూ, ఏ గళ్ల దగ్గర కొయ్యాలో చూసి కోసిన ఆడమనిషి మాత్రం లేదు! బిళ్ల ఎవరి షాట్లు తియ్యాలో చెబుతుందేమో గానీ ఏ గళ్లలో కొయ్యాలో చెప్పదు కదా. సెకనుకి 24 గళ్లు. రెండు గళ్లు అటూ ఇటూ అయితే ఆ గెంతు గుండె దడలా వుండదు. టూరింగ్ టాకీస్ ఆపరేటరు అతుకులా వుంటుంది.

అన్నట్టు, ఆ సినిమా తీసిన తీరు కూడా ఎడిటర్‌కి కలిసొచ్చిందనే చెప్పాలి. 1959 ఆగస్టు, సెప్టెంబరు నెలల్లో పారిస్ వీధుల్లో లైట్లు లేకుండా తీశారు. కెమెరామన్ రవుల్ కుతార్ చేతిలో పట్టుకున్న కెమెరా కామెఫ్లెక్స్. తేలికే గానీ గోల ఎక్కువ. దాని పక్కన మైకు పెడితే మిషన్ చప్పుడే వినిపిస్తుంది. అందుకని మాటలన్నీ తరవాత డబ్బింగ్ చేశారు. ట్రాలీ బదులు చక్రాల కుర్చీలో కెమెరామన్‌ని కూచోబెట్టి గొదారే తోశాడు. షాంజెలిజే వీధిలో జనం చూడకుండా తపాలా వాళ్ల తోపుడు బండిలో కెమెరా దాచారు. సౌండు షూటింగులో తీసింది కాదు కాబట్టి బొమ్మని ఎక్కడ కోసినా మాట తెగుతుందన్న భయం లేదు. బొమ్మ గెంతుతుంటే మాట మాత్రం సాఫీగా సాగిపోతూ వుంటుంది. కారు సీనులో మనకి కళ్లు తిరక్కుండా కాపాడేది ఆ మాటే.

విడుదలకి ముందు ఈ సినిమాకి పరమ చెత్త అన్న పేరు పాకిందట. ఆ సంగతి సెసిలే తరవాత చెప్పింది. 1960 మార్చి 16న పారిస్‌లో విడుదలయ్యాక ఆ పేరంతా ఎగిరిపోయింది. కుర్రకారు విరగబడి చూశారు. ఆ ఏడాదే జాన్ విగో బహుమతి, బెర్లిన్‌లో ఉత్తమ దర్శకుడి బహుమతి. ముప్ఫయ్యేళ్లు నిండకుండానే గొదార్ పేరు దేశదేశాల్లో మార్మోగిపోయింది. మరి ఆ ఏడాది మన సెసిల్ ఎక్కడుంది?

జైల్లో!

ఇది సినిమా మలుపు కాదు, నిజం. కొంచెం వెనక్కి వెళ్దాం. అల్జీరియా అప్పటికి నూట ముప్ఫయ్యేళ్లుగా ఫ్రెంచి వాళ్ల చేతిలో వుంది. 1954 నవంబరులో అక్కడ స్వాతంత్ర్య యుద్ధం మొదలైంది. నడిపింది నేషనల్ లిబరేషన్ ఫ్రంట్, క్లుప్తంగా ఎఫ్.ఎల్.ఎన్. ఫ్రాన్సు లక్షల సైన్యాన్ని దింపింది. ఊళ్లకి ఊళ్లు ఖాళీ అయ్యాయి. జనం సరిహద్దు దాటి ట్యునీషియాకి పారిపోయారు. 1957లో సెసిల్ ట్యునీషియా వెళ్లి ఆ కాందిశీకుల మీద ఒక చిన్న సినిమా తీసింది. రొట్టెల కోసం వరసలో నిలబడ్డ మనుషులు. ఆ మొహాల్ని చూసొచ్చిన మనిషి మళ్లీ పారిస్ కటింగ్ రూములో కూచుని కత్తెర పట్టుకున్నంత మాత్రాన వాటిని మరిచిపోతుందా?

ఆమె చేసిన నేరం ఏమిటంటే, తన పేరు మీద ఒక ఫ్లాటు అద్దెకి తీసుకుని ఎఫ్.ఎల్.ఎన్. వాళ్లకి వాడుకోవడానికి ఇచ్చింది. అంతే. బాంబు వెయ్యలేదు, తుపాకీ పట్టలేదు. కానీ యుద్ధం నడుస్తున్న రోజులు, ఫ్రెంచి మనిషి అయ్యుండి శత్రువుకి ఇల్లిచ్చింది. అయిదేళ్ల శిక్ష వేశారు. అందులో రెండేళ్లు జైల్లో గడిపింది.

ఒక్కసారి ఆలోచించండి. తను కూర్చిన సినిమా బయట ఆడుతోంది. హాలు నిండా తన ఈడు వాళ్లు ఆ గెంతులకి మైమరచిపోతున్నారు. పత్రికలు ఆ ఎడిటింగ్ గురించి పేజీలకి పేజీలు రాస్తున్నాయి. ఆమె నాలుగు గోడల మధ్య. మన సినిమాల్లో అయితే ఇక్కడ ఇంటర్వెల్ పడేది.

ఆమె జైలుకి వెళ్లినప్పుడు బల్ల మీద ఇంకో సినిమా సగంలో వుంది. ఫ్రాన్స్వా త్రుఫో తీసిన 'షూట్ ది పియానో ప్లేయర్'. త్రుఫోకి ఆమె కొత్త కాదు. 1957లో అతను తీసిన చిన్న చిత్రం 'లే మిస్తోన్' కూర్పు కూడా ఆమెదే. అసలు 'బ్రెత్‌లెస్' కథ రాసిందీ త్రుఫోయే. ఇప్పుడు సగంలో ఆగిన పనిని క్లోదీన్ బుషే అనే మరో ఎడిటర్ అందుకుని పూర్తి చేసింది. త్రుఫో తరవాతి సినిమా 'జూల్ అండ్ జిమ్' (1962) కూడా బుషేకే దక్కింది. ఇటు గొదార్ తరవాతి సినిమా 'ద లిటిల్ సోల్జర్' కూర్పు బల్ల దగ్గరికి ఆనియెస్ గీమో వచ్చింది. వచ్చిన మనిషి ఆ దశాబ్దమంతా గొదార్ సినిమాల్లో చాలా భాగం ఆమే కూర్చింది. వీళ్లు పోటీ పడి లాక్కున్నారని కాదు. ఇద్దరూ ఉద్దండులే. కానీ సినిమా పని ఎవరి కోసమూ ఆగదు. రెండేళ్ల తరవాత సెసిల్ బయటికొచ్చేసరికి ఫ్రెంచి 'న్యూ వేవ్' ఇద్దరు మొనగాళ్ల పక్కన వున్న రెండు కుర్చీలూ నిండిపోయి వున్నాయి.

ఇంకో తమాషా. ఆ 'ద లిటిల్ సోల్జర్' కథ దేని మీదనుకున్నారు? అల్జీరియా యుద్ధం మీదే! 1960లో జెనీవాలో తీస్తే ఫ్రెంచి ప్రభుత్వం నిషేధించింది. యుద్ధం అయిపోయాక 1963లో గానీ తెర మీదికి రాలేదు. అంటే ఎడిటర్ జైల్లో, దర్శకుడి తరవాతి సినిమా డబ్బాలో. ఎడిటర్ సంగతి మాత్రం ఎవరికీ గుర్తు లేదు. త్రుఫో గురించి ఒక మంచి మాట చెప్పాలి. 1960 సెప్టెంబరులో 121 మంది రచయితలు, కళాకారులు ఒక ప్రకటన మీద సంతకం పెట్టి అల్జీరియాలో యుద్ధం చెయ్యనని చెప్పే సైనికుడికి ఆ హక్కుందన్నారు. త్రుఫో రాజకీయాల జోలికి పోని మనిషి, కానీ ఆ కాగితం మీద అతని సంతకం కూడా వుంది. సంతకం చేసిన వాళ్లకి ప్రభుత్వ రేడియో, టెలివిజన్లలో తలుపులు మూశారు.

1962లో అల్జీరియాకి స్వాతంత్ర్యం వచ్చింది. సెసిల్ కూడా బయటికొచ్చింది. ఈనాటి సినిమా పిచ్చివాళ్లకి ఆమె మళ్లీ గట్టిగా ఎదురయ్యేది 1969లో. అదీ ఎవరి సినిమాతో? ఎరిక్ రోమర్ అనే పెద్దమనిషితో. గొదార్‌కి రోమర్‌కి ఇద్దరూ ఒకే పత్రికలో సమీక్షలు రాశారన్న బంధుత్వం తప్ప తీసే తీరులో నక్కకీ నాకలోకానికీ వున్నంత దూరం. రోమర్ సినిమాలో తుపాకీ పేలదు. కారు దొంగతనం జరగదు. మనుషులు కూచుని మాట్లాడతారు. లేచి నిలబడి మాట్లాడతారు. నడుస్తూ మాట్లాడతారు. 'ఓస్ ఇంతేనా' అనకండి. ఆ మాటల్లోనే ఒకళ్లనొకళ్లు మోసం చేసుకుంటారు, తమని తామూ మోసం చేసుకుంటారు.

ఆ సినిమా పేరు 'మై నైట్ ఎట్ మాడ్స్'. క్రిస్మస్ రోజులు, మంచు కురుస్తోంది. క్లెర్మోన్ ఫెరాన్ అనే వూళ్లో ఇంజనీరు ఝాన్ లూయి త్రింతిన్యాన్. భక్తి పరుడు, చర్చిలో చూసిన ఒక అమ్మాయిని పెళ్లి చేసుకోవాలని మనసులో నిశ్చయించుకున్నవాడు. స్నేహితుడు అతన్ని మాడ్ అనే డాక్టరు ఇంటికి తీసుకెళ్తాడు. విడాకులు తీసుకున్న మనిషి, తెలివైనది, అందమైనది. స్నేహితుడు వెళ్లిపోతాడు, మంచులో కారు నడపలేక ఇతను ఆ రాత్రి ఆమె ఇంట్లో వుండిపోవాల్సి వస్తుంది. ఇక రాత్రంతా ఒక గది, ఇద్దరు మనుషులు, బోలెడు మాటలు. మీరైతే ఎక్కడ కోస్తారు? మాట్లాడే వాళ్లని చూపించాలా, వినే వాళ్లని చూపించాలా? సెసిల్ కూర్పులోని గొప్పతనం అక్కడుంది. అతను తన నీతి నియమాలు ఏకరువు పెడుతుంటే మనం మాడ్ మొహం చూస్తాం. ఆమె నమ్మడం లేదని ఆమె కళ్లే చెబుతాయి. మాడ్ చనిపోయిన తన ప్రియుడి సంగతి చెప్పే చోట మాత్రం కత్తెర ఆగిపోతుంది. ఆమె మొహం మీదే బొమ్మ నిలిచి వుంటుంది. అవతలి మొహం కోసం వెళ్లాలని మనకీ అనిపించదు.

పైగా రోమర్ డబ్బింగ్ అంటే పడనివాడు. షూటింగులో పలికిన మాటే వుండాలి. అంటే 'బ్రెత్‌లెస్'లో వున్న స్వేచ్ఛ ఇక్కడ లేదు. బొమ్మని కోస్తే ఊపిరి తెగుతుంది, గదిలో చప్పుడు మారుతుంది. నన్నడిగితే 'బ్రెత్‌లెస్' కంటె ఇదే కష్టమైన పని. అక్కడ ప్రతి అతుకూ చెయ్యి పైకెత్తి 'ఇదుగో నేను' అంటుంది. ఇక్కడ వందల అతుకులున్నా మీకు ఒక్కటి కనిపిస్తే ఎడిటర్ ఓడిపోయినట్టే. ఒకే చెయ్యి రెండూ చెయ్యగలిగిందంటే, జంప్ కట్టు బొమ్మా బొరుసుల వల్ల పుట్టిందన్న మాట నేను సగమే నమ్ముతాను. అతుకుని ఇంత బాగా దాచగల మనిషి, దాచకుండా వదిలేసిందంటే తెలిసే వదిలేసింది.

ఆ తరవాత పదిహేనేళ్లు రోమర్ బల్ల దగ్గర ఆమెదే స్థానం. 'క్లెయిర్స్ నీ' (1970) చూడండి. పెళ్లి కుదిరిన నడివయసు మనిషికి ఒక కుర్ర పిల్ల మోకాలి మీద చెయ్యి వెయ్యాలన్న వింత కోరిక. వాన కురుస్తుంటే సరస్సు ఒడ్డున తలదాచుకున్న చోట, ఆ పిల్ల ఏడుస్తుంటే ఓదార్చే నెపంతో చెయ్యి వేస్తాడు. ఆ షాట్ ఒక్క సెకను తక్కువైతే ఏమీ జరగనట్టు, నాలుగు సెకన్లు ఎక్కువైతే అసభ్యం. మధ్యలో ఎక్కడో ఆమె ఆపింది. 'లవ్ ఇన్ ది ఆఫ్టర్‌నూన్' (1972), కేన్స్‌లో జ్యూరీ ప్రత్యేక బహుమతి కొట్టిన 'ది మార్కీజ్ ఆఫ్ ఓ' (1976), 'ది ఏవియేటర్స్ వైఫ్' (1981), బెర్లిన్‌లో రోమర్‌కి ఉత్తమ దర్శకుడి బహుమతి తెచ్చిన 'పొలీన్ ఎట్ ది బీచ్' (1983), పాస్కల్ ఓజియేకి వెనిస్‌లో ఉత్తమ నటి బహుమతి తెచ్చిన 'ఫుల్ మూన్ ఇన్ పారిస్' (1984)... అన్నిటికీ కూర్పు సెసిల్ దెక్యుజిస్. బహుమతులు ఎవరెవరికి వచ్చాయో చూశారుగా!

ఇంత చదివాక మీలో కొందరికి ఒక అనుమానం రావాలి. సెసిల్, ఆనియెస్, క్లోదీన్... అందరూ ఆడవాళ్లేనా అని. ఔను. ఫ్రెంచి సినిమాలో కటింగ్ రూము చాలా కాలంగా ఆడవాళ్ల అడ్డా. 1930లలో జాన్ రెన్వార్ సినిమాలు కూర్చిన మార్గరీత్ కూడా ఆడమనిషే. ఫిల్ము అతికించడం కుట్టుపనిలాంటిది, ఓపిక పని, ఆడవాళ్లకి అప్పజెప్పండి అనుకున్నారు మొదట్లో మగ మహారాజులు. కెమెరా ముట్టుకోనివ్వలేదు, మెగాఫోను చేతికివ్వలేదు. తీరా చూస్తే సినిమా కథ తేలేది ఆ గదిలోనే. మన టైటిల్ కార్డుల్లో వాడే 'కూర్పు' అనే మాట నాకందుకే ఇష్టం. జనం 'కత్తెర' అంటారు గానీ, కొయ్యడం ఎవరైనా కోస్తారు. దండ గుచ్చినట్టు కూర్చడమే విద్య.

సెసిల్ తన సినిమాని కూడా వదల్లేదు. 1957లో ట్యునీషియాలో తీసిన ఆ కాందిశీకుల బొమ్మలు 'బ్రెడ్ డిస్ట్రిబ్యూషన్' అనే అర్థం వచ్చే పేరుతో 2011లో జనం ముందుకొచ్చాయి. ఎవరి సినిమాలో పధ్నాలుగు రోజుల్లో కోసి ఇమ్మంటే ఇచ్చే చెయ్యి, తన సొంత బొమ్మల విషయంలో యాభై నాలుగేళ్లు పట్టువిడవలేదు. 2017లో ఆమె కన్నుమూసింది.

ఈసారి ఎక్కడైనా 'బ్రెత్‌లెస్' దొరికితే కారు సీను దగ్గర బెల్మాండో గొంతు పక్కన పెట్టి గెంతులు లెక్కపెట్టండి. ఆ మర్నాడు రాత్రి తీరిగ్గా 'మై నైట్ ఎట్ మాడ్స్' పెట్టుకుని, గదిలోకి వచ్చిన దగ్గర్నుంచీ అతుకులు లెక్కపెట్టడానికి ప్రయత్నించండి. పదో అతుకు దాకా లెక్క తప్పకుండా వచ్చిన వాళ్లు మాకో కార్డు ముక్క రాయండి.